రాజయ్య మామ చెప్పిన జపాను సినిమా

మొన్న కరీంనగర్‌లో ఒక దర్జీ కొట్టు ముందు నిలబడ్డాను. లోపల కుట్టుమిషను టకటకలాడుతోంది. ఆ చప్పుడుకు దుబాయ్ పక్కన సజ్జా కూలీల క్యాంపులో తిరిగిన ప్రొజెక్టరు గుర్తొచ్చింది, దాని వెంటే రాజయ్య మామ.

మామ మా తాపీమేస్త్రీ. ఊళ్లో ఒగ్గుకథ చెప్పిన గొంతు, దుబాయ్ వెళ్లాక మూగబోయింది. నాకప్పుడు ఇరవై నాలుగేళ్లు, ఆయన కింద కూలీని. క్యాంపు గుమాస్తా సత్యనారాయణ గారిది గోదావరి వైపు. నేను "గిట్లనా సార్" అంటే చాలు, పదిమంది ముందూ అనుకరించి నవ్వించేవారు. దాంతో ఆయన ముందు తలాడించడం తప్ప నోరు విప్పడం మానేశాను.

ఎనభైల్లో ఒక శుక్రవారం మధ్యాహ్నం, స్వదేశానికి వెళ్లిపోతున్న మా జపాను ఇంజినీరు మెస్సు కిటికీలకు అట్టలు కట్టించి, తన దేశపు పాత సినిమా వేశాడు. మాటలు రాని కాలం నాటిది. ఒక పేద గుమాస్తా అరువు కోటు తొడుక్కుని, కలవారి బిడ్డనని చెప్పుకుంటూ ఓ అమ్మాయి వెంట పడతాడు. చప్పుడు లేదు, తెర మీది అక్షరాలు మాకు రావు. కాసేపటికే జనం లేవసాగారు. ఇంజినీరు ముఖం చిన్నబోయింది.

అప్పుడు రాజయ్య మామ వెళ్లి తెర పక్కన నిలబడ్డాడు.

"ఆగుండ్రి! పిలగాడు ఏమంటుండో ఇనుండ్రి. 'పిల్లా, గీ కోటు మా తాతది. మా ఇంట్ల గిసొంటియి నూరున్నయి!'"

మెస్సంతా గొల్లుమంది. లేచినవాళ్లు కూర్చున్నారు. అమ్మాయి పెదవులు కదలగానే మామ నన్ను పిలిచాడు.

"పిల్ల మాటలు నువ్వు చెప్పు, మల్లేశం."

"నాతోని గాదు మామా. సారు నవ్వుతడు."

"నవ్వనియ్యి. మీ అవ్వ ఎట్ల మాట్లాడుతదో గట్లనే చెప్పు."

సారు వైపు చూడకుండా మొదలుపెట్టాను. చివరికి కోటు సొంతదారు వచ్చి, అమ్మాయి ఎదుటే దాన్ని విప్పించుకుపోయాడు. చిరుగుల చొక్కాతో అబ్బాయి తలదించుకున్నాడు. అమ్మాయి దగ్గరికొచ్చి ఏదో అంది. ఆలోచించకుండానే నా నోట వచ్చింది:

"కోటు పోతే పోనియ్యి. నేను మనిషిని జూసిన. బువ్వ తిన్నవా?"

ఎవరూ నవ్వలేదు. అందరూ చప్పట్లు కొట్టారు. తమ జపాను దేశంలోనూ మాటల్లేని సినిమాల రోజుల్లో తెర పక్కన ఒక మనిషి నిలబడి కథ చెప్పేవాడని ఇంజినీరు వచ్చీరాని హిందీలో చెప్పి, మామకు నడుము వంచి నమస్కరించాడు. సిమెంటుకు ఒరుసుకుపోయిన చేతులు జోడించి మామ నిటారుగా నిలబడ్డాడు. అంతవరకూ నన్ను "ఒరేయ్" అన్న సత్యనారాయణ గారు, "ఏమండీ మల్లేశం గారూ, ఆ ఆఖరి మాట మళ్లీ ఓసారి చెప్పండి" అన్నారు. చెప్పాను, ఈసారి ఆయన వైపే చూస్తూ.

తర్వాత నేనూ మేస్త్రీనయ్యాను. మనవాళ్ల తరఫున ముదీర్‌తో, అంటే కంపెనీ మేనేజరుతో, మాట్లాడాల్సి వస్తే అందరూ నన్నే ముందుకు తోసేవారు. మామ పోయి చాలా ఏళ్లయింది. ఈనాటికీ ఏ సభలో లేచినా మా అవ్వ మాటలోనే మాట్లాడతాను. ఎవరు నవ్వుతారోనని చుట్టూ చూడను.