బంగారు జుట్టు

పాపకురా నుంచి ఆక్లండ్ వెళ్లే రైల్లో, పక్కన కూర్చున్న పెద్దావిడ నేను చదువుతున్న నవల అట్ట మీది అమ్మాయిని చూసింది. ఇద్దరిదీ ఒకే లేత పసుపు రంగు జుట్టు.

"ఈమె కూడా తెలివితక్కువదేనా?"

"కాదండీ, మొగుణ్ణి చంపింది."

"అయితే రెండో రకం," అని నవ్వింది. ఆవిడ తన జీవితకథ రాస్తోందట. ఇంగ్లీషు కథల్లో ఈ రంగు జుట్టున్న ఆడవాళ్లు అయితే తెలివితక్కువవాళ్లు, లేకపోతే హంతకులట; తన జుట్టు రంగు చెబితే పాఠకులు తననూ ఆ రెండు రకాల్లోనే వేస్తారని ఆ ఊసే ఎత్తలేకపోతోందట. "ఇలాంటి జుట్టును మీ భాషలో ఏమంటారు?"

మా ఊరి గ్రంథాలయంలో అనువాద నవలలన్నీ చదివినవాణ్ణి, తడుముకోలేదు. "బంగారు జుట్టు. బంగారం అని మేం కన్నబిడ్డల్ని ముద్దుగా పిలుస్తాం."

ఆవిడ వెంటనే పెన్ను తీసింది. "స్పెల్లింగ్ చెప్పండి. మొదటి వాక్యంలోనే పెడతాను."

ఒక్కో అక్షరమే చెప్పాను. బడి మధ్యలో మానేసిన నా నోటి మాటతో ఒక ఇంగ్లీషు పుస్తకం మొదలవుతోంది.