చీటీలక్క దిద్దుబాటు

చీటీలక్క అంటే ఆ మ్యూజియంలో డైరెక్టరు దాకా అందరికీ కాస్త హడలే. ఎండబెట్టిన ప్రతి పురుగు కింద, అదెక్కడ దొరికిందో, ఎప్పుడు దొరికిందో గోరంత చీటీ మీద రాసి, అదే గుండుసూదికి గుచ్చడం ఆవిడ పని. ముప్పై ఏళ్లలో ఆవిడ చీటీకి వంక పెట్టిన మొనగాడు లేడు. ఆ సంగతి ఆవిడే నలుగురికీ చెప్పుకునేది. చెప్పుకోవద్దూ మరి!

వచ్చే నెలే ఆవిడ రిటైర్మెంటు. ఆ రోజు, అక్కడ పురుగుల మీద పరిశోధన చేసే పురుగుల మేడం సముద్రతీరం నుంచి ఉసూరుమంటూ వచ్చి కుర్చీలో కూలబడింది. మూడేళ్లుగా ఆమె వెతుకుతున్నది ఒక చిన్న రెక్కల పురుగు. బియ్యపుగింజంత ఉంటుంది. బూడిదరంగు రెక్కలు, అంచున సూదిమొనంత పసుపు చుక్క, చుట్టూ సన్నని నూగు. కొండలోయల్లోనూ, దూరాన సముద్రపు ఒడ్డునా ఉంటుందని పుస్తకాలన్నీ రాశాయి. ఒడ్డున దొరికింది మాత్రం ఒక్కటే, ఇరవై రెండేళ్ల కిందట.

"ఇక లేదక్కా. తీరంలో అంతరించిపోయిందని రేపు రాసి పంపేస్తా," అంది మేడం.

ఆ పురుగు చీటీ సంగతి చీటీలక్కకు బాగా గుర్తుంది. అది దొరికిన ఏడాది ఉక్క భరించలేక, ఆ గదిలో వేయకూడని ఫ్యాను ఒక్క నిమిషం వేసింది. ఇంకా గుచ్చని చీటీలు గదంతా ఎగిరాయి. అన్నీ ఏరుకున్నా, తీరానిదొకటి, కొండలదొకటి, రెండు చీటీలు ఏది దేనిదో తేలక తోచినట్టు గుచ్చేసింది. అందులో తీరం చీటీ పడింది ఈ పురుగుకే. నోరు మూసుకుంటే చప్పట్లతో సాగనంపుతారు. విప్పితే ముప్పై ఏళ్ల పేరు గంగపాలు. పాపం, మధ్యాహ్నం దాకా ఆవిడ చేతి నుంచి ఒక్క అక్షరం పడలేదు.

చివరికి వెళ్లి చెప్పేసింది. "అది కొండల్లోదే అయ్యుంటుంది మేడం. చీటీ నేనే తారుమారు చేశాను. మీరు లేనిదాని కోసం తిరిగారు."

"మూడేళ్లక్కా! ఆ ఎండలో, ఆ ఇసుకలో!" అని అరిచింది మేడం. తర్వాత మెల్లగా, "అయితే అక్కడ ఏదీ చచ్చిపోలేదన్నమాట," అంది. ఆ మాటకు చీటీలక్క కళ్లనీళ్లు పెట్టుకుంది.

మ్యూజియంలో పాత చీటీ పీకేయకూడదు. దాని కిందే దిద్దుబాటు చీటీ గుచ్చి, దిద్దినవారి పేరు రాయాలి. పురుగు ఉన్నన్నాళ్లూ ఆ రెండూ ఉంటాయి.

"నేను రాసుకుంటాలే అక్కా, నా పేరుతో. కారణం రాయక్కర్లేదు," అంది మేడం.

చీటీలక్క పెన్ను ఇవ్వలేదు. "తీరం కాదు, బహుశా కొండలు. చీటీ మార్చింది నేనే," అని రాసి, కింద ఇంటిపేరుతో సహా తన పేరు పెట్టింది.