ఫోరస్ రోడ్డు లైకెన్

ఆ రోజుల్లో, అంటే ఎనభైల నడుమ, కామాటిపురాలో వరస గదుల అద్దె మేడ అయిన మా చాల్ మొత్తానికి బీఎస్సీ చదివే ఆడపిల్లను నేనొక్కదాన్నే. నాకు తెలియనిది ఉండదని చాల్ వాళ్లు నమ్మేవారు, వాళ్లకంటే గట్టిగా నేను నమ్మేదాన్ని. (పరీక్షలు దగ్గరపడితే ఈ నమ్మకం కొంత సడలేది.) ఒకసారి మా వృక్షశాస్త్రం మేడమ్, చెట్టు బెరడు మీద ఆకుల్లా పెరిగే లైకెన్‌ను ఎవరికి వారు వెతికి, దాని పేరు, కుటుంబం, దొరికిన చోటు రాసి తెమ్మన్నారు. తేకపోతే ప్రాక్టికల్ పోతుంది. ప్రాక్టికల్ పోతే చదువు మాన్పించాలని మా బాపు కాచుకుని ఉన్నాడు.

వర్లి నుంచి దాదర్ దాకా కనబడిన చెట్టునల్లా తడిమాను. మిల్లుల పొగ తిన్న ఆ బెరళ్ల మీద మసి తప్ప మరేమీ లేదు. గడువు రేపనగా దిగులుగా పొయ్యి దగ్గర కూర్చుంటే, మా అవ్వ మటన్‌లోకి మసాలా వేయిస్తోంది. పళ్లెంలో బూడిదరంగు దగడ్ ఫూల్, అదే మన రాతిపువ్వు. పుస్తకంలోని బొమ్మ పక్కన పెట్టి చూస్తే అచ్చం అదే. పెద్ద రేకొకటి నొక్కేసి, తడిపి, మా ఇంటి దగ్గరి ఫోరస్ రోడ్డులో ఏరుకొచ్చిన బెరడు ముక్కకు గోందుతో అతికించి, 'పార్మీలియా, ఫోరస్ రోడ్డు' అని చీటీ రాశాను.

మేడమ్ భూతద్దంలో అటూ ఇటూ తిప్పి చూశారు. "అంత పొగలో ఇది బతికిందంటే పెద్ద సంగతే. సాయంత్రం ఆ చెట్టు చూపించు" అన్నారు. చేసేదేముంది, ఆవిడను ఫోరస్ రోడ్డంతా తిప్పాను. ప్రతి చెట్టు దగ్గరా ఆగి "ఇది కాదేమో" అన్నాను. చివరికి మా గల్లీ మొగదల అవ్వ కనబడనే కనబడింది.

"మేడమ్, చాయ్ తాగకుంట పోతరా" అని మా ఒంటిగది ఖోలీలోకి లాక్కెళ్లి, "పోరి మసాలాలకెల్లి దగడ్ ఫూల్ తీస్కపాయె. మీకిచ్చిందా?" అంది.

మేడమ్ సంచిలోంచి నా బెరడు ముక్క తీసి వాసన చూశారు. "లవంగాల వాసన" అని నవ్వేశారు. నేను నేలచూపులు చూశాను. ఆవిడ రేకు అంచు నాకు చూపించారు. "కనురెప్పల్లాంటి ఈ వెంట్రుకలు చూశావా? వెడల్పు రేకులు, అంచున వెంట్రుకలు ఉన్నవాటిని పార్మీలియాలోంచి తీసి పార్మోట్రీమా అని వేరుపెట్టారు. కుటుంబం మాత్రం పాతదే."

"అంటే వేరు వడ్డరు గని ఇంటిపేరు మారలే" అంది అవ్వ, చాయ్ వడపోస్తూ.

వర్గీకరణ ఇంత సులువుగా నాకెవరూ చెప్పలేదు. మేడమ్ 'ఫోరస్ రోడ్డు' కొట్టేయించి 'అవ్వ మసాలా డబ్బా' అని నాచేతే రాయించారు. సేకరణకు సున్నా వేసినా, దిద్దిన చీటీకి మార్కులు వేయడంతో ప్రాక్టికల్ గట్టెక్కింది.

తర్వాతి వానల్లో మేడమ్ మమ్మల్ని మహాబలేశ్వర్ తీసుకెళుతూ, "మీ అవ్వను కూడా రమ్మను, రాతిపువ్వును చెట్టు మీద చూస్తుంది" అన్నారు. అవ్వకు మోకాళ్ల నొప్పులని చెప్పాను. (అవ్వ అప్పటికీ నీళ్ల బిందెతో మూడంతస్తులు ఎక్కేది.) తడి బెరడు మీద అరచేతులంత విచ్చుకున్న ఆ రేకులను ఒక్కదాన్నే చూశాను. అవ్వ వస్తే తరగతిలో నాకంటే తెలివైనదిగా కనబడుతుందని నా భయం. తప్పకుండా కనబడేది కూడా.