అమ్మ పాడాల్సిన రెండు వరసలు

నన్ను పరిచయం చేసేవాళ్ళు మైకులో ఒక మాట తప్పకుండా అంటారు: "ఈవిడ అన్ని వాయిద్యాలూ ఒక్కరే వాయిస్తారండీ!" చప్పట్లు పడతాయి. నాకు ఒళ్ళు మండుతుంది. నేను సరదాకి నేర్చుకున్నది ఒక్కటీ లేదు. నల్లపాడు పక్కన మా పేట చర్చిలో హార్మోనియం వాయించే మాస్టారికి బదిలీ అయితే ఆ పెట్టె ముందు నన్ను కూర్చోబెట్టారు. గిటార్ వాయించే పేట అన్న ఒకతను కౌలుకి వేసిన పత్తి పోయి హైదరాబాదులో వాచ్‌మన్ పనికి వెళ్ళిపోయాడు. గోడకు వేలాడుతున్న గిటార్‌ని నేనే దింపాను. డ్రమ్ములు కొట్టేవాడు లారీ ఎక్కాడు. ఎవరు ఊరొదిలినా వాళ్ళ వాయిద్యం నా ఒళ్ళో పడేది. పంట పోయినప్పుడల్లా నాకో కొత్త విద్య వచ్చిందని వేదికల మీద నవ్విస్తుంటాను.

అమ్మ మిరపకాయల తొడిమలు తీసే పనికి వెళ్ళేది. గోడౌన్‌లో కాయల రాశి చుట్టూ ఆడవాళ్ళు కూర్చుని, ముక్కుకీ నోటికీ కొంగు చుట్టుకుని పొద్దస్తమానం తుంచుతూనే ఉండేవారు. సాయంత్రానికి చేతులు నిప్పులయ్యేవి. మజ్జిగతో కడిగినా, ఆముదం రాసుకున్నా ఆ మంట దిగదు. అందుకని అమ్మ ఏనాడూ నా మొహాన్ని అరచేత్తో తాకలేదు. ముద్దొస్తే మోచేత్తో చెంప నిమిరేది. బళ్ళో ఒక పిల్ల కళ్ళని వాళ్ళమ్మ వేళ్ళతో తుడవడం చూసి, ఈవిడకేం భయం లేదా అనుకున్నాను.

తొంభైల చివర్లో సొంతంగా పాటలు కట్టడం మొదలుపెట్టాను. దేవుడి పాటలు కావు, సినిమా బాణీలూ కావు. వాటిలో ఒక పాటలో కూతురు పాటంతా ఏదో ఒకటి అడుగుతూనే ఉంటుంది. మధ్యలో తల్లి జవాబు రెండే వరసలు.

ఎర్రబడ్డ చేతులతో ఏ నీళ్ళు ముట్టుకోను?
మంట దిగని వేళ్ళతో ఏ చెంప నిమురుకోను?

ఆ రెండూ నేను పాడితే అబద్ధం. అమ్మే పాడాలి. కేసెట్ చేయాలన్న కోరిక పుట్టిందే దానికోసం.

"నా గొంతా? కేసెట్‌లోనా? జనం పారిపోతారే!" అని అమ్మ కొట్టిపారేసింది. కొట్టిపారేసిందన్నమాటే గానీ, మర్నాటి నుంచి గోడౌన్‌లో అదే పాట. ఆమెతో పనిచేసే అత్త ఒకామె దారిలో నన్ను ఆపి, "మీయమ్మతో చచ్చిపోతున్నామే! ఆ రెండు ముక్కలూ మాక్కూడా నోటికొచ్చేసినయ్" అంది.

రికార్డింగ్ గది బ్రాడీపేటలో, ఒక కోచింగ్ సెంటర్ పై అంతస్తులో ఉండేది. కిటికీలు మూసేసి, గోడలకి కోడిగుడ్ల అట్టలు అంటించారు. ఫ్యాను చప్పుడు పడుతుందని అదీ ఆపేసేవారు. అక్కడి రికార్డిస్టు ఎక్కువగా క్రైస్తవ కేసెట్లు చేసేవాడు కాబట్టి నా ఈడు ఆడవాళ్ళందరినీ సిస్టర్ అనేవాడు. డ్రమ్ములు, కీబోర్డు, గిటార్ ఒకదాని మీద ఒకటి నేనే ఎక్కిస్తుంటే, "ఇంకెవరూ రారా సిస్టర్?" అని అడిగాడు. మా అమ్మ వస్తుందన్నాను.

అమ్మ పని దిగి తిన్నగా ఆటో ఎక్కి వచ్చేసింది. తలుపు మూశాం. కాసేపటికే రికార్డిస్టు కళ్ళ వెంట నీళ్ళు. నాకు దగ్గు. అమ్మకి దగ్గు. ఆమె కోకలోనూ జుట్టులోనూ ఉన్న మిరప ఘాటంతా గాలాడని ఆ గదిలో కమ్ముకుంది. తలుపు తోసుకుని ముగ్గురం మెట్ల మీద పడ్డాం. కింద కోచింగ్ పిల్లలు ముక్కులు మూసుకున్నారు.

"ఆంటీ, గోడౌన్‌ని మోసుకొచ్చారా ఏంటండీ!" అని అతను ఏడుస్తూ నవ్వాడు.

అమ్మ సిగ్గుపడిపోయింది. "ఆదివారం తలంటుకుని వస్తాలే బాబూ" అంది.

అన్నట్టే వచ్చింది. కుంకుడు రసంతో తలంటుకుని, చర్చికి కట్టే తెల్ల చీర కట్టుకుని, అచ్చం పెళ్ళికి బయల్దేరినట్టు వచ్చింది. ఈసారి తలుపు మూసినా మా కళ్ళు మండలేదు. గిటార్ మొదలైంది. అమ్మ అందుకుంది. "ఏ నీళ్ళు" దగ్గర దగ్గొచ్చింది. మళ్ళీ మొదలుపెట్టాం, మళ్ళీ అక్కడే. నీళ్ళు తాగింది. పటికబెల్లం బుగ్గన పెట్టుకుంది. మళ్ళీ దగ్గు. రికార్డిస్టు నవ్వడం మానేశాడు. నేను పిచ్చిదానిలా అమ్మ కొంగు పట్టుకుని వాసన చూశాను. సబ్బు, కుంకుడు, అంతే. కోకలో ఏమీ లేదు. ఉన్నదంతా ఆమె గుండెల్లో ఉంది. అది నాకు అప్పుడే తెలిసింది. అమ్మకి ముందే తెలుసనుకుంటాను.

"నాకింతే వస్తదే. నువ్వు పాడేసుకో" అని వెళ్ళి మెట్ల మీద కూర్చుంది.

"ఆంటీ గొంతూ మీ గొంతూ ఒకేలా ఉన్నాయి సిస్టర్. మీరే పాడేయండి, ఎవరికి తెలుస్తుంది?" అన్నాడతను.

"నాకు తెలుస్తుంది" అని గట్టిగా అరిచాను. పాపం అతను మంచివాడే. ఆ రెండు వరసల చోటూ ఖాళీగా వదిలేశాం. అక్కడ గిటార్ ఒక్కటే మోగుతుంది.

కేసెట్ల షాపాయన "భక్తి పాటలా, సినిమావా?" అని అడిగాడు. రెండూ కాదంటే, "మరి ఎక్కడ పెట్టమంటారండీ?" అని ఖాళీ కేసెట్ల పక్కన పెట్టాడు. కొన్న ఒకాయన మధ్యలో పాట పోయింది, రీలు పాడైందని తెచ్చి ఇచ్చేశాడు. తర్వాత కేసెట్లు పోయి సీడీలొచ్చాయి, సీడీలూ పోయాయి. నేను పెళ్ళి ఆర్కెస్ట్రాల్లో, ఇంజనీరింగ్ కాలేజీల ఫంక్షన్లలో వాయిస్తూ తిరిగాను. సందు దొరికితే ఆ పాట పాడేదాన్ని. ఖాళీ రాగానే అయిపోయిందనుకుని పిల్లలు ఈలలు వేసేవారు.

అమ్మ మాత్రం పని మానలేదు. దగ్గు ముదిరి తీసుకెళ్తే, "ఇంకా ఆ పనికి పంపుతున్నారా?" అని డాక్టరు నన్ను కసిరాడు. పంపుతున్నానట! నా పాటలు మా ఇద్దరి కడుపులూ నింపితే ఆవిడ ఎందుకు పోతుంది? ఆ కోపం డాక్టరు మీదా, పాటల మీదా నాకిప్పటికీ పోలేదు.

ఒక వేసవిలో, మిర్చి యార్డుకి కాయ ముమ్మరంగా వస్తున్న రోజుల్లో, అమ్మ పోయింది. పోయినవాళ్ళ కోసం చర్చివాళ్ళు చేసే ఆదరణ కూడిక మా ఇంటి ముందు షామియానాలో పెట్టారు. సీజను కదా, ఆమెతో పనిచేసినవాళ్ళు ఇళ్ళకి కూడా వెళ్ళకుండా పని కోకలతోనే వచ్చి వెనక వరసల్లో కూర్చున్నారు. ముందు కూర్చున్నవాళ్ళు ముక్కులకి రుమాళ్ళు అడ్డం పెట్టుకున్నారు. పాస్టరుగారు ప్రార్థన ముగించి, ఒక పాట పాడమ్మా అన్నారు. నేను గిటార్ తీసుకుని ఆ పాటే అందుకున్నాను.

ఖాళీ వచ్చింది. ఎప్పటిలాగే నోరు మూసుకుని తీగలు మీటుతున్నాను. వెనకనుంచి ఒక గొంతు "ఎర్రబడ్డ చేతులతో" అంది. నన్ను దారిలో ఆపిన అత్త. మిగతావాళ్ళూ కలిశారు. అది వాళ్ళకి నోటికొచ్చన్న సంగతే నేను మర్చిపోయాను. "ఏ నీళ్ళు" దగ్గర ఒకామె దగ్గింది. పక్కనామె దగ్గింది. తర్వాత వెనక వరసలన్నీ దగ్గాయి.

నేను గిటార్ ఆపలేదు. అదే చోట తిప్పి తిప్పి వాయిస్తూ వాళ్ళకోసం చూశాను. "మంట దిగని వేళ్ళతో" అన్న రెండో వరస ఎవ్వరూ పాడలేకపోయారు.