సారూ, నన్ను ఆపలేదేటి?

రోడ్డు మీద పోలీసులు ఆపితే అందరికీ కోపం వస్తుంది. వరహాలుకి మాత్రం ఆపకపోతే వస్తుంది.

ఈ జబ్బు అతనికి పుట్టుకతో వచ్చింది కాదు, పోలీసులే అంటించారు. కొన్నేళ్ల కిందట వరహాలు, లైసెన్సు గడువు తీరకముందే ఆఫీసుకెళ్లి ఫీజు కట్టి, రసీదు జేబులో పెట్టుకుని, కొత్త కార్డు పోస్టులో వస్తుందని ఎదురుచూస్తున్నాడు. కార్డు రాలేదు గానీ కొత్త అధికారి వచ్చాడు. సబ్బవరం నుంచి గోపాలపట్నం బజారుకి వంకాయల లోడుతో వస్తున్న లగేజీ ఆటోని హైవే మీద ఆపి, లైసెన్సు చూపించమన్నాడు. వరహాలు రసీదు చూపించాడు.

"ఇది కాగితం. నేనడిగింది కార్డు" అన్నాడు అధికారి.

బండి స్టేషన్ ఆవరణలోకి వెళ్లింది. మే నెల. కట్టవలసింది కట్టించుకుని బండి ఇచ్చేసరికి వంకాయల కంపుకి స్టేషన్ వాళ్లే ముక్కులు మూసుకుని, ముందు ఇది తీసుకుపోవయ్యా అని బతిమాలారట. ఆ మర్నాడే పోస్ట్‌మాన్ వచ్చి కార్డు ఇచ్చిపోయాడు. సరుకు పోయినందుకు వరహాలు బాధపడ్డాడు గానీ, లైసెన్సు లేకుండా బండి తోలుతున్నాడని బజారంతా అనుకున్నందుకు మండిపోయాడు. తన లైసెన్సు చూడని పోలీసు ఈ జిల్లాలో మిగలకూడదని ఆ రోజే తీర్మానించుకున్నాడు.

అప్పటినుంచి ఆటోలో సీటు పక్కన ఒక గుడ్డసంచి ఉంటుంది. అందులో కార్డు, కార్డుకి బోలెడన్ని జిరాక్సులు, అంతకుముందు కార్డు, దానికి ముందు కాలం నాటి పుస్తకం లైసెన్సు ఉంటాయి. ఆ రోజు ఎవరూ ఖాతరు చేయని రసీదుకి మాత్రం లామినేషన్ చేయించాడు. లైసెన్సు ఇప్పుడు ఫోన్లో కూడా చూపించవచ్చు కదా అని ఎవరైనా అంటే, "ఫోన్లో ఉన్నది బొమ్మ. సారు అడిగేది కార్డు" అంటాడు.

కూడలిలో డ్యూటీ చేసే కానిస్టేబుల్ దేవీప్రసాద్‌కి ఎండన్నా, మంత్రుల కాన్వాయ్ అన్నా లెక్కలేదు. వరహాలంటేనే భయం. పచ్చ ఆటో దూరంగా కనిపించగానే విజిల్ జేబులో వేసుకుని ఆకాశం వైపు చూసేవాడు. ఆటో వచ్చి సరిగ్గా అతని బూట్ల ముందు ఆగేది.

"సారూ, నన్ను ఆపలేదేటి?"

"ఎల్లు బాబాయ్, ఎల్లిపో."

"కార్డు సూడకుండా ఒగ్గీడానికి నాను మీ సుట్టాన్నేటి?"

"నిన్ననే చూశాను కదా."

"నిన్నటిది నిన్న. రాత్రికి రాత్రి కేన్సిలైపోతే? మిషన్లో కొట్టి సూడండి."

దేవీప్రసాద్ ఏడుపు మొహంతో నంబరు కొట్టేవాడు. "ఉంది బాబాయ్."

"ఎప్పటిదాకా ఉన్నాది?"

అతను చెప్పేవాడు.

"కుసింత గట్టిగా సెప్పండి. ఎనకాల ఆటోవోలికి ఇనపడాల."

సిగ్నళ్ల దగ్గర కెమెరాలు పెట్టాక వరహాలుకి పని ఇంకా పెరిగింది. ఎర్రలైటు పడగానే కార్డు తీసి కెమెరా వైపు ఎత్తి పట్టుకునేవాడు. కాసేపాగి రెండో వైపు తిప్పేవాడు. ఒక పెళ్లిలో భోజనాల దగ్గర కూపన్ అడిగితే లైసెన్సు తీసి ఇచ్చాడు. వడ్డించే కుర్రాడు దాన్ని ఏం చేసుకోవాలో తెలియక పక్కవాడికిచ్చాడు, వాడు ఇంకొకడికిచ్చాడు. అది తిరిగి దొరికేదాకా వరహాలు అన్నం ముట్టలేదు. "నా మెడలో పుస్తె కట్టిన్నాడు కూడా మీ మావకి ఇంత గాబరా లేదమ్మా" అని అతని భార్య జోగమ్మ ఇప్పటికీ వీధిలో అందరికీ చెబుతుంది.

నలభై దాటినవాళ్లు లైసెన్సు రెన్యువల్‌కి డాక్టరు సర్టిఫికెట్టు పెట్టాలి. అది ఎలా వస్తుందో ఊరందరికీ తెలుసు. డబ్బులు బల్ల మీద పెడితే డాక్టరు తలెత్తకుండా సంతకం పెడతాడు. వరహాలు కూడా డబ్బులు పెట్టాడు. పెట్టి, సంతకానికి చెయ్యి అడ్డం పెట్టాడు.

"కళ్లు సూడరేటి?"

"బాగానే ఉన్నాయి కదయ్యా."

"మీరు తలకాయే ఎత్తలేదు. బాగున్నాయని ఎలగ తెలిసినాది? నాను డబ్బులిచ్చింది కళ్లకా, సంతకానికా?"

చివరికి డాక్టరు లేచి గోడ మీది అక్షరాలు చదివించాడు. వరహాలు ఆఖరి వరస దాకా చదివి, అదే ఊపులో పక్కన వేలాడుతున్న డాక్టరు డిగ్రీ పటం కూడా చదివాడు. సంవత్సరం దగ్గర ఆగాడు.

"మరి దీన్నెప్పుడు రెన్యువలు సేత్తారు?"

ఇలాంటివి విని ఆ వీధిలో నవ్వనివాడు సాయిశంకర్ ఒక్కడే. డిప్లొమా చదివాడు. అచ్యుతాపురం ఫ్యాక్టరీలో కాంట్రాక్టు ఉద్యోగం చేసి, కాంట్రాక్టు అయిపోగానే గేటు బయటికి వచ్చి, ఇప్పుడు వాయిదాల మీద కొన్న బైకు మీద పార్సిళ్లు పంచుతున్నాడు. లోకం మీద అతనికి చాలా ఫిర్యాదులున్నాయి. వాటిలో మొదటిది లైసెన్సు. బండి తోలాలంటే లైసెన్సు కావాలి. లైసెన్సు కావాలంటే డబ్బు కావాలి. డబ్బు కావాలంటే బండి తోలాలి. ఇందులో ఏది ముందు చేయాలో ఏ ప్రభుత్వమూ చెప్పలేదు.

అతను ప్రయత్నం చేయకపోలేదు. బండి నేర్చుకునేవాళ్లకిచ్చే ఎల్‌ఎల్‌ఆర్ తీశాడు. టెస్టు నాడు అత్యవసరం పార్సిళ్లు పడ్డాయి, ఇంకో రోజు జ్వరం వచ్చింది, ఇంతలో ఎల్‌ఎల్‌ఆర్ గడువు దాటిపోయింది. రవాణా ఆఫీసు ఎదురుగా గొడుగు కింద లాప్‌టాప్ పెట్టుకున్న ఏజెంటు గుణశేఖర్‌ని అడిగితే, అతను చెప్పిన మొత్తంలో ఫీజు ఏ మూలకో ఉంది.

"ఫీజు ఇంతే కదన్నా, మిగతాదేటి?"

"సర్వీసు తమ్ముడూ."

"ఏం సర్వీసు?"

"నువ్వు ఎండలో నిలబడక్కర్లేదు చూడు, అదీ."

ఏజెంటు లేకుండా వెళ్తే ఆ డబ్బు మిగులుతుంది గానీ కూలి పోతుంది. అందుకని సాయిశంకర్ కొంచెం కొంచెం కూడబెడుతూ, సందుల్లోంచి బండి తిప్పుతూ, ఎదురొచ్చే బండ్లు లైట్లు కొడితే ముందు చెకింగ్ ఉందని పక్కకి తప్పుకుంటూ కాలక్షేపం చేస్తున్నాడు. ఒక్కసారి దొరికితే జరిమానా ఐదు వేలు. అంటే లైసెన్సు కోసం దాచినదంతా పోయినట్టే. బండి స్టేషన్లో ఉంటుంది. బండి లేనినాడు ఆ ఉద్యోగం అతని కోసం ఆగదు.

ఇలాంటివాడికి రోజూ పొద్దున్నే కార్డు ఊపుకుంటూ తిరిగే వరహాలు కనిపిస్తే ఎలా ఉంటుంది? ఆకలితో ఉన్నవాడి ముందు తేన్చినట్టుంటుంది. రెండు కుటుంబాలదీ సబ్బవరం దగ్గర ఒకే ఊరు కాబట్టి చిన్నప్పటినుంచీ మావా అల్లుడూ అని పిలుచుకుంటారు. ఒకరోజు సాయిశంకర్ ఉండబట్టలేక అనేశాడు.

"మావా, నీకు లైసెన్సుందని విశాఖపట్నం అంతటికీ తెలుసు. ఇంక ఆపీ."

వరహాలు ఆటో అద్దం తుడుచుకుంటున్నాడు. "నీకుందా?"

సాయిశంకర్ తల అడ్డంగా ఊపాడు.

"ఎల్లెల్లారు?"

"అయిపోయింది. డబ్బులు కూడబెడతన్నాను."

"ఊఁ" అని వరహాలు మళ్లీ అద్దం తుడిచాడు. అది ఆటోలకుండే అద్దం కాదు. ఏదో పాత బస్సుది ఊడదీసి తగిలించుకున్నాడు. వెనకాల అర కిలోమీటరు రోడ్డు అందులో కనిపిస్తుంది. ఇంత అద్దం ఎందుకని ఎవరైనా అడిగితే, "నా మొకం పెద్దది" అనేవాడు.

ఆ వారంలోనే సాయిశంకర్ దొరికిపోయాడు. దొరికిపోయాడనే అనుకున్నాడు. వెనక పార్సిళ్ల సంచితో వంతెన దిగేసరికి ఎదురుగా జీపు ఉంది. దేవీప్రసాద్ ఉన్నాడు, అతని పక్కన కొత్తగా వచ్చిన ఎస్సై ఉన్నాడు. ఒక పక్క డివైడరు, వెనకాల లారీలు. తిరగడానికి దారి లేదు. ముందు పచ్చ ఆటో వెళుతోంది. ఇక ఈయనొకడు తక్కువయ్యాడు, పోలీసులకి ఇంకా హుషారు తెప్పిస్తాడు అని పళ్లు కొరుక్కున్నాడు. తలెత్తితే బస్సు అద్దంలో తన మొహం, దాని పక్కన వరహాలు కళ్లు కనిపించాయి.

ఆటో జీపు పక్కకి వెళ్లి ఆగింది. రోజూ ఆగేటట్టు కాదు, రోడ్డుకి అడ్డంగా ఆగింది.

"సారూ, నన్ను ఆపలేదేటి?"

"ఎవరితను?" అన్నాడు ఎస్సై.

"సార్, ఏమీ అడక్కండి సార్" అన్నాడు దేవీప్రసాద్ కంగారుగా.

ఎస్సై కొత్తవాడు. "ఏదీ, లైసెన్సు చూపించు" అన్నాడు.

ఆ మాట కోసం వరహాలు ఎన్నాళ్లనుంచి కాచుకుని ఉన్నాడో! సంచి తెచ్చి జీపు బానెట్ మీద బోర్లించాడు. ఎస్సై పుస్తకం లైసెన్సు తీసి చూసి, "ఇదెవరిది?" అన్నాడు.

"నాదే సారూ. జుట్టున్నప్పుడు."

పోర్టు వైపు నుంచి గాలి విసురుగా వచ్చింది. జిరాక్సులు లేచాయి. "నా లైసెన్సు! నా లైసెన్సు!" అని వరహాలు పెట్టిన కేకకి దేవీప్రసాద్, ఇంకో కానిస్టేబులూ రోడ్డంతా వాటి వెంట పరుగెత్తారు. వెనకాల లారీలు, ఫ్యాక్టరీ బస్సులు హారన్లు మొదలుపెట్టాయి. వైర్‌లెస్‌లో ఎవరో పెద్దాయన జామ్ ఏమిటని అరుస్తున్నాడు.

"ముందు బండ్లన్నీ పోనీండయ్యా! ఈ ఆటో తీయించండి!" అన్నాడు ఎస్సై.

"రసీదు సూడనేదు సారూ. దానికో కత ఉన్నాది."

బైకులూ ఆటోలూ సందు చూసుకుని జారుకున్నాయి. సాయిశంకర్ బండి ఆటో పక్కనుంచి పోతుంటే, వరహాలు కింద పడిన జిరాక్సు ఏరుకుంటున్నవాడల్లా తలెత్తకుండా నెమ్మదిగా అన్నాడు: "బేగి పో అల్లుడూ. నా దగ్గరింక రెండు కాయితాలే ఉన్నాయి."

సాయిశంకర్ వంతెన అవతల టీ బడ్డీ దగ్గర బండి ఆపాడు. అక్కడ పాతనగరం ఆటో డ్రైవరు ముజీబ్ టీ తాగుతున్నాడు.

"ఏటి భాయ్, నువ్వూ వరహాలు చాచా ఎనకాలేనా?"

"ఎనకాలేటి?"

"తెలీదా? మా ఇంటావిడ మెహక్ కాన్పుకి ఆస్పత్రిలో ఉన్నప్పుడు నా లైసెన్సు అయిపోయింది. నెల్రోజులు చాచా ఎనకాలే తోలాను. ఆయన ఆగుతాడు, పోలీసోళ్లు ఆయన్తో పడతారు, మనం ఎల్లిపోతాం. కానీ భాయ్, నెల దాటితే మాత్రం ఊరుకోడు. పొద్దున్నే ఇంటికొచ్చి నిద్ర లేపి మరీ ఆఫీసుకి లాక్కుపోతాడు."

ఆ సాయంత్రం వరహాలు ఇంటి అరుగు మీద సాయిశంకర్ వచ్చి కూర్చున్నాడు. కూర్చుంటూనే అడిగాడు.

"లైసెన్సు లేకుండా తోలడం తప్పు కదా మావా?"

"తప్పే. కానైతే, లైసెన్సుకని దాసిన డబ్బు ఫైనుకి కట్టీసినోడు ఇంక లైసెన్సు ఎప్పుడు తీత్తాడు? మల్లీ దొరికీదాకా తోల్తాడు, మల్లీ కడతాడు."

"మరి నువ్వెందుకు మధ్యలో?"

వరహాలు జిరాక్సులకి అంటిన దుమ్ము దులుపుతున్నాడు. "ఆ రోజు నా ఎనకాల బోల్డు బళ్లున్నాయిరా. అందరూ హారన్లు కొట్టినారు. ఒక్కడు దిగి ఆ సారుని కుసింతసేపు మాటల్లో ఎడితే, నా వంకాయలు బజారుకెల్లిపోయీవి." గొంతు మార్చాడు. "నెలాకరు దాకా నీకు అడ్డం ఉంటాను. ఆ మర్నాడు నానే సెప్పీత్తాను సారుకి, ఈడికి లేదని."

"సెప్తాడు. ముందే సెప్తన్నాను" అంది జోగమ్మ లోపల్నుంచి. "ఇంట్లో కూరగాయల డబ్బులు సగం ఆ జిరాక్సు బడ్డీకే పోతన్నాయి."

నెలాఖరుకి ముందే ఇద్దరూ ఆఫీసుకి వెళ్లి ఎండలో నిలబడి మళ్లీ ఎల్‌ఎల్‌ఆర్ తీశారు. టెస్టు రోజున గుణశేఖర్ గొడుగు కిందనుంచి చెయ్యి ఊపితే, వరహాలు అతనికి కూడా తన కార్డు చూపించి ముందుకి నడిచాడు. సాయిశంకర్ ట్రాక్ మీద ఎనిమిది అంకె కాలు కింద పెట్టకుండా తిప్పాడు. హమ్మయ్య అనుకుంటుండగా కంచె అవతలనుంచి వరహాలు గొంతు వినిపించింది.

"సారూ, మా అల్లుడు ఏసినప్పుడు మీరు ఫోను సూస్తన్నారు. మల్లీ ఏత్తాడు, ఉండండి."

ఆ క్షణంలో సాయిశంకర్ లోకం మీద ఉన్న ఫిర్యాదులన్నీ మర్చిపోయి వరహాలు ఒక్కడినే తిట్టుకున్నాడు. రెండోసారి కూడా కాలు కింద పడలేదు. టెస్టు పెట్టే ఇన్‌స్పెక్టరు నవ్వుతూ సంతకం పెట్టాడు.

మొన్న కార్డు పోస్టులో వచ్చింది. సాయిశంకర్ కవరు చింపి, తల్లికి కూడా చూపించకుండా వరహాలు ఇంటికి వెళ్లాడు. వరహాలు చేతులు కడుక్కుని, లుంగీకి తుడుచుకుని కార్డు అందుకున్నాడు. రెండు వైపులా చూశాడు, వెలుతురుకి పట్టి చూశాడు, ఫొటోనీ మొహాన్నీ మార్చి మార్చి చూశాడు. ఏ పోలీసూ అంత శ్రద్ధగా చూడలేదు.

"బాగున్నాది. ఫొటోలో కోపంగా ఉన్నావు."

"నా మొహమే అంత మావా."

"ఆర్సీ ఏదీ?"

సాయిశంకర్ నవ్వుతూ తీసిచ్చాడు.

"పొల్యూషను?"

అదీ ఇచ్చాడు.

"ఇన్సూరెన్సు?"

సాయిశంకర్ నవ్వు ఆగిపోయింది. జోగమ్మ వైపు చూశాడు. జోగమ్మ దేవీప్రసాద్‌లాగా ఆకాశం వైపు చూసింది.

వరహాలు కార్డు తిరిగి అతని చొక్కా జేబులో పెట్టి, జేబు మీద ఒకసారి తట్టి అన్నాడు: "సర్లే. రేపు కూడా నా ఎనకాలే రా. జిరాక్సులు తీయించి ఉంచుతాను."