గిరిబాబు కట్టిన పాట

మా తమ్ముడు గిరిబాబుకు పాట రాయడం రాదు. ఈ మాట అక్కగా చెప్పడం లేదు, తిరువూరులో ముప్ఫయ్యేళ్ళు తెలుగు చెప్పిన పంతులమ్మగా చెబుతున్నాను. పదో తరగతిలో వాడి వ్యాసాలు దిద్ది దిద్ది నా ఎర్రసిరా అయిపోయేది. అలాంటివాడి పాటను ఇవాళ భారత మహిళా కబడ్డీ జట్టు ఆటకు దిగే ముందు చేతులు పట్టుకుని పాడుతోంది. టీవీలో చూసినవాళ్ళు ఫోన్ చేసి, "వెంకాయమ్మ గారూ, మీ తమ్ముడిదే గదండీ" అంటారు. అవునండీ అని పెట్టేస్తాను. ఆ పాట ఇల్లు దాటడానికి ఎంత అవస్థ పడిందో ఫోన్లో చెప్పేది కాదు.

గిరిబాబుకు ఎ.కొండూరు వెళ్ళే దారిలో నాలుగెకరాల మామిడితోట ఉంది. వయసులో ఉండగా చెడుగుడు బాగా ఆడేవాడు. కూతురు వినీలకు ఎనిమిదేళ్ళు రాగానే తోటలో సున్నంతో గీత గీసి ఆట మొదలుపెట్టాడు. అవతలి జట్టు మీదికి వెళ్ళినవాళ్ళు మధ్యలో ఊపిరి పీల్చకుండా కూత పెట్టాలి, తిరిగి తమ గీత తాకేదాకా అది ఆగకూడదు. రోజూ "కబడ్డీ కబడ్డీ" అని అని పిల్లకు విసుగొచ్చింది. అప్పుడు వీడు ఒక్క ఊపిరికి సరిపోయే మాటలు కట్టాడు.

ఊపిరున్నంత దూరం పోయిరావే తల్లీ, గీతకు ఇవతల నేనున్నా.
పడితే పడ్డావులే, లేచిరావే తల్లీ, గీతకు ఇవతల నేనున్నా.

ఇలాంటివే ఇంకో నాలుగు వరసలు. ప్రాస లేదు, పాడు లేదు. "ఇదేం పాటరా" అని మొహం మీదే అడిగాను. "పాట కాదక్కా, కొలత. గీత దగ్గర బయల్దేరి మూడో చెట్టును ముట్టుకుని వచ్చేసరికి ఒక వరస అయిపోవాలి. మధ్యలో గాలి పీల్చిందో, ఔట్" అన్నాడు. తెల్లారేసరికి తండ్రి అరుపులు, పిల్ల కూత వీధి చివరిదాకా వినిపించేవి. మా మరదలు ఉన్నన్నాళ్ళూ ఇద్దరినీ కలిపి తిట్టేది. ఆవిడ పోయాక ఆ పని నేను తీసుకున్నాను.

పిల్ల ఎదిగింది. జిల్లాకు ఆడింది, రాష్ట్రానికి ఆడింది, ఇరవై రెండో ఏట జాతీయ జట్టు శిక్షణ శిబిరానికి వెళ్ళింది. అక్కడ దీని కూత విని, తెలుగు రాని పిల్లలు కూడా నేర్చేసుకున్నారట. ఎవరో ఫోన్లో తీసి నెట్లో పెట్టారు. హైదరాబాదులో కీర్తన అనే గాయని అది విని, గిరిబాబును అడిగి, పియానో పెట్టించి, నెమ్మదిగా సాగదీసి పాడింది. నేనున్నా అన్నచోట మేమున్నాం అంది. ఇంకేముంది, పెళ్ళిళ్ళలో అదే, బస్టాండులో అదే. పరీక్ష తప్పిన పిల్లలు దాన్ని పెట్టుకుని ఏడుస్తున్నారని విన్నాను. ఒప్పుకోవడానికి మనసు రాదు గానీ, నేనూ ఏడ్చాను. గిరిబాబు మాత్రం ఫోను చెవికి ఆనించుకుని చివరిదాకా విని, "బాగా పాడింది గానీ అక్కా, వరస మధ్యలో రెండుసార్లు ఊపిరి తీసుకుంది. ఔట్" అన్నాడు. నాకు నవ్వాగలేదు.

ఎండలు ముదరకముందు వినీల వారం సెలవు మీద ఇంటికొచ్చింది. సరిగ్గా అప్పుడే మా పక్క ఊరు నెమలిలో స్వామివారి ఉత్సవాలు, ఆడపిల్లలకు కబడ్డీ పోటీలు. మా వైపు ఒక పిచ్చి ఉంది. మన జట్టు ఫైనల్‌కు వచ్చినప్పుడు పేరున్న పిల్ల ఇంట్లో ఉండి కూడా దిగకపోతే అది ఊరందరికీ తలవంపులే. పెద్దమనుషులు నలుగురు వచ్చి అరుగు మీద కూర్చున్నారు. బయట ఆడవద్దని శిబిరంలో గట్టిగా చెప్పారని వినీల అంది. గిరిబాబు నలుగురి మొహాలూ చూశాడు, కూతురి మొహం చూడలేదు. "ఒక్క ఆటేగదమ్మా. ఇంటికొచ్చి అడిగారు" అన్నాడు. అది లేచి బూట్లు వేసుకుంది.

మన జట్టే గెలిచింది. ఆట ఇంకా ఐదు నిమిషాలుందనగా వినీల మోకాలు మెలిపడింది. లిగమెంట్ తెగిందన్నారు, విజయవాడలో ఆపరేషన్ చేయించాం. పెద్ద పోటీలకు జట్టును ప్రకటించినప్పుడు అందులో దీని పేరు లేదు. నెమలిలో గెలిచిన కప్పు ఎవరింట్లో ఉందో నాకు తెలియదు, తెలుసుకోబుద్ధి కూడా కాలేదు.

ఆ తర్వాత తండ్రీ కూతుళ్ళ మధ్య "తిన్నావా", "మందు వేసుకున్నావా" తప్ప మాటల్లేవు. అలాంటి ఇంటికి జట్టు తరఫున కాగితం వచ్చింది. పిల్లలందరూ ఆ పాటే కావాలంటున్నారు, మా జట్టు గీతంగా పెట్టుకుంటాం, సంతకం చేసి పంపండి అని దాని సారాంశం. గిరిబాబు భగ్గుమన్నాడు. "నా బిడ్డ అక్కర్లేదు గానీ నా పాట కావాలా? ఇవ్వను" అన్నాడు. కీర్తన ఫోన్ చేస్తే కట్ చేశాడు. తొమ్మిది రోజులు ఆ కాగితం టీవీ కింద పడి ఉంది.

పదో రోజు నాకు ఒళ్ళు మండింది. వినీల వరండాలో బల్ల మీద పడుకుని, కాలికి ఇసుక సంచి కట్టుకుని, ఎత్తి దించుతోంది. వాడు గుమ్మంలో నిలబడి లెక్కపెడుతున్నాడు, మనసులోనే. కాగితం తెచ్చి వాడి చేతిలో పెట్టాను.

"ఒరేయ్ గిరీ, నీ కోపం వాళ్ళ మీదేనా?"

వాడు కాగితం తిరిగి నా చేతిలో పెట్టబోయాడు. నేను తీసుకోలేదు. చివరికి కూతురి వైపు తిరిగాడు.

"నేనే అన్నాను గదమ్మా, ఒక్క ఆటేనని."

అబ్బే, నీ తప్పేముంది నాన్నా అంటుందనుకున్నాను. నేనైతే అలాగే అనేదాన్ని, మా నాన్నతో బతుకంతా అలాంటి మాటలే చెప్పాను. వినీల కాలు నెమ్మదిగా దించింది.

"అవును నాన్నా. నువ్వే అన్నావు."

గిరిబాబు గుమ్మం పట్టుకున్నాడు.

"నాకు ఏడాది పోయినట్టే. కాలు మునుపటిలా అవుతుందో లేదో డాక్టరు గారు కూడా చెప్పట్లేదు. నీ మీద కోపంగానే ఉంది. ఇంకా కొన్నాళ్ళు ఉంటుంది" అంది. గొంతు పెంచలేదు.

"ఉండనీ అమ్మా" అన్నాడు వాడు. కళ్ళు తుడుచుకోవడానికి కూడా సిగ్గుపడలేదు. "అందుకే ఆ పాట ఇవ్వనంటున్నా. అది నీకోసం కట్టింది. నువ్వు లేనిచోట దానికేం పని?"

వినీల కాలికున్న ఇసుక సంచి ముడి విప్పుకుంది.

"నేనెలాగూ లేను. పాటైనా జట్టులో ఉండనీ నాన్నా."

ఇన్నాళ్ళూ ఆ పిల్ల ఏం పోగొట్టుకుందో మాకు అర్థమైందనుకున్నాం. అర్థం కాలేదు. మేం దాని కాలి గురించే ఆలోచించాం, అది జట్టు గురించి ఆలోచిస్తోంది.

గిరిబాబు గోడకు ఆనించి సంతకం పెట్టాడు. కాగితం నాకిచ్చి బల్ల దగ్గరకు వెళ్ళాడు. మోకాలి కింద పెట్టే దిండు నేల మీద పడి ఉంటే తీసి, దులిపి, పెట్టాలో వద్దో తెలియక పట్టుకుని నిలబడ్డాడు. వినీల వాడి వైపు చూడలేదు గానీ, దిండు పట్టేంత మేర కాలు పైకెత్తి, వాడు పెట్టేదాకా అలాగే ఉంచింది.