నవ్వు కోసం ఆగిన హార్మోనియం

ఒక్క స్వరం కూడా తప్పు వాయించకుండా ఒక హాస్య నాటికను నిలువునా ముంచడం ఎలాగో తెలుసుకోవాలంటే నన్నే అడగాలి. ఆ విద్యలో నాకు పోటీ లేదు.

డెబ్బైల చివరి మాట. పగలు బెజవాడ ఆటోనగర్‌లో స్పేరుపార్టుల కొట్లో గుమాస్తాని, ఆదివారాలు చర్చిలోనూ, పిలిస్తే నాటకాల్లోనూ హార్మోనిస్టుని. మా నాటక బృందాన్ని నడిపే సుందరరామయ్యగారు చల్లపల్లిలో తెలుగు మాస్టారు. ఆయనే రాసి, ఆయనే చెవిటి మామగారి వేషం వేసే నాటిక చూసి మా జిల్లాలో నవ్వని ఊరు లేదు. హైదరాబాదులో కొత్తగా వచ్చిన టీవీ వాళ్ళు దాన్ని రికార్డు చేస్తామని ఉత్తరం రాశారు. ఆ ఉత్తరం జేబులో పెట్టుకున్న చొక్కాను ఆయన వారం రోజులు ఉతకనివ్వలేదు.

నాటకాల పాత బాణీలు వద్దనీ, టీవీ కోసం కొత్తవి కట్టమనీ మాస్టారు నాకు చెప్పారు. టీవీ అంటే ఏమిటో తెలిస్తే కదా కట్టడానికి. బెజవాడలో నాకు తెలిసిన ఏ ఇంట్లోనూ అది లేదు. హైదరాబాదు వెళ్ళొచ్చిన ఒక లారీ డ్రైవరుకు టీ ఇప్పించి మరీ ఆరా తీశాను. అందులో మనుషులు ఎంతెంత ఉంటారు, గొంతు ఎటునుంచి వస్తుంది, వెనక్కి వెళ్ళి చూస్తే వీపులు కనబడతాయా అని.

"మనుషులు జానెడుంటారండి. వెనక్కి మాత్రం ఎళ్ళలేదండి, షాపువాడు ఊరుకోడు" అన్నాడతను.

జానెడు మనుషులకు జానెడు బాణీలు చాలనుకుని పన్నెండు కట్టాను. మా ఆవిడ రూతు విని, "ఎలకలు పెళ్ళికెళ్తున్నట్టుందండీ" అంది. మెచ్చుకోలుగానే తీసుకున్నాను.

ఇక్కడ మీకో సంగతి చెప్పాలి. నాటకంలో మాకొక పద్ధతుంది. జోకు పేలుతుంది, జనం నవ్వుతారు, ఆ నవ్వు తగ్గుతుండగా నేను వాయిస్తాను, అది విని నటుడు కదులుతాడు. ఆరేళ్ళుగా నా వేళ్ళు నడిచింది ఆ నవ్వును బట్టే.

స్టూడియోలో ప్రొడ్యూసరుగారు, ఒక ఆవిడ, ముందే హెచ్చరించారు. టైము లేదు, రికార్డింగు ఒక్కసారే. ఎర్ర లైటు వెలిగాక ఎవరూ చప్పుడు చేయకూడదు, నవ్వొచ్చినా మింగెయ్యాలి. అందరం బుద్ధిగా తలూపాం.

లైటు వెలిగింది. మామగారు మొదటి జోకు వేశారు. ఎవరూ నవ్వలేదు. నేను నవ్వు కోసం ఆగాను. సుందరరామయ్యగారు నా బాణీ కోసం ఆగారు, ఒక కాలు గాల్లో పెట్టి, చేపల చెరువులో కొంగలా. నవ్వురాని జోకుకు వాయించడం చావింట్లో పెళ్ళి బ్యాండు మోగించినట్టుంటుందని నా భయం. కెమెరామన్ భుజాలు వణుకుతున్నాయి. పాపం, చలిజ్వరమేమో అనుకున్నాను. ఇంతలో మాస్టారి ఎత్తిన కాలు కూడా వణకడం మొదలుపెట్టింది. ఆయన కళ్ళల్లో కోపం లేదు, భయముంది. అయినా నా వేళ్ళు కదలవు.

అప్పుడాయన మెల్లగా కాలు దించి, నా వైపు చెవి ఒగ్గి, మామగారి గొంతుతోనే అడిగారు.

"ఏవోయ్ అబ్బాయ్, వాయిస్తూనే ఉన్నావా? నాకేవీ వినపట్టం లేదు."

కెమెరామన్ ఎర్ర లైటు సంగతి మరిచి పగలబడి నవ్వాడు. నవ్వు వినబడగానే నా వేళ్ళు వాటంతటవే లేచాయి. ఇక ప్రతి జోకుకూ అదే వరస. నేను ఆగడం, ఆయన చెవి ఒగ్గడం, కెమెరామన్ నవ్వడం, నేను వాయించడం.

అంతా అయ్యాక ప్రొడ్యూసరుగారు వస్తుంటే గెంటేస్తారనే అనుకున్నాను.

"ఈ ఐడియా ముందుగా చెప్పలేదేం మాస్టారూ?" అన్నారావిడ.

సుందరరామయ్యగారు నన్నొక చూపు చూసి, "ముందే చెబితే పాడవుతుందనండీ" అన్నారు.

రైల్లో ఖాజీపేట దాకా ఆయన నాతో మాట్లాడలేదు. అక్కడ టీ తాగుతూ నవ్వడం మొదలుపెట్టి ఖమ్మం దాకా ఆపలేదు.

రెండు నెలలకు ఇంకో నాటిక పంపమని ఉత్తరం వచ్చింది. చివర్లో ఒక ముక్క విడిగా రాశారు. "మీ హార్మోనిస్టును తప్పక తీసుకురాగలరు. హార్మోనియం అవసరం లేదు."

ఆ క్షణమే ఒట్టు పెట్టుకున్నాను. ఎవరూ నవ్వకపోయినా, అందరూ ఏడుస్తున్నా, నా వంతు రాగానే వాయించి తీరతానని. ఆ ఒట్టు ఇంతవరకూ తప్పలేదు. కాకపోతే టీవీలో నన్ను వాయించమన్నవాళ్ళు మళ్ళీ దొరకలేదు.